కాదనడానికీ కారణం కావాలి

ఉపాధ్యాయ శిక్షణ కళాశాలకు ప్రభుత్వం అనుమతి నిరాకరిస్తే న్యాయస్థానం ఏమి చేయగలదు? ఈ ప్రశ్నపై సుప్రీంకోర్టు రెండేళ్ల ఎడంలో ఇచ్చిన రెండు తీర్పులను పక్కపక్కన పెట్టి చదివితే, అవి ఒకదానితో ఒకటి కలహిస్తున్నట్లు తోస్తుంది. మొదటిది 1984 నాటిది, రాంచీకి చెందిన మిల్లీ తాలీమీ మిషన్ వ్యాజ్యం. రెండవది 1986 నాటిది, ఆంధ్రప్రదేశ్ నుంచి వెళ్లిన నాగేశ్వరమ్మ వ్యాజ్యం. టాటానగర్ స్టేషనును ఆనుకుని ఉన్న జుగ్సలాయిలో కాపురముంటూ తెలుగు చదువుకునే మాబోటివారికి రెండూ ఇంటి సంగతులే. 2000 నవంబరు 15న జార్ఖండ్ ఏర్పడేవరకు రాంచీ, జుగ్సలాయి రెండూ బీహారులోనివే.

రాంచీ వ్యాజ్యంలో వాది అల్పసంఖ్యాక వర్గానికి చెందిన సంస్థ. ప్రభుత్వం గుర్తింపు నిరాకరించగా అది న్యాయస్థానం మెట్లెక్కింది. మతాల్పసంఖ్యాకులకూ, భాషాల్పసంఖ్యాకులకూ తమ విద్యాసంస్థలను నెలకొల్పి నడుపుకునే హక్కును రాజ్యాంగం 30వ అధికరణం ప్రసాదించింది. గుర్తింపు పొందడం మాత్రం ప్రాథమిక హక్కు కాదు. అయితే గుర్తింపు లేని శిక్షణ కళాశాల ఎవరికి ఉపయోగం? అక్కడ చదివినవాడు పరీక్షకు కూర్చోలేడు, ఉద్యోగానికి దరఖాస్తు పెట్టుకోలేడు. న్యాయమైన, తగినంత కారణం చూపకుండా గుర్తింపు నిరాకరించడమంటే సంస్థ ఉనికినే తుడిచివేయడమని సుప్రీంకోర్టు ఆ తీర్పులో చెప్పింది.

ఆంధ్రప్రదేశ్ వ్యాజ్యం తీరు వేరు. అక్కడివి అనుమతి లేకుండా వెలసిన ప్రైవేటు టీచరు ట్రైనింగు సంస్థలు. తమ అభ్యర్థులను ప్రభుత్వ పరీక్షకు కూర్చోనివ్వాలన్నది కోరిక. కోర్టు ఒప్పుకోలేదు. అలా ఆదేశిస్తే అనధికార సంస్థల స్థాపనను తామే ప్రోత్సహించినట్లవుతుందన్నది. పరీక్ష నెగ్గితే చాలదా అన్న ప్రశ్నకూ అది సమాధానమిచ్చింది. లేతవయసు పిల్లలకు చదువు చెప్పబోయేవారు తగిన వసతులున్న సంస్థలో కొంత కనీస కాలమైనా శిక్షణ పొందాలి. సరైన శిక్షణ లేనివారిని అభం శుభం తెలియని పిల్లల మీదికి వదలలేము అని. ఈ విషయంలో ఇంతకన్న సూటియైన మాట మరొకటి నాకు కనబడలేదు. కోర్టులో యాజమాన్యానికి వకీలు ఉంటాడు, ప్రభుత్వానికి ప్లీడరు ఉంటాడు, విద్యార్థుల పక్షాన జాలి ఉంటుంది. వకాల్తా లేని కక్షిదారు మాత్రం ఒకటో తరగతి పిల్లవాడు.

నిజానికి ఈ తీర్పులు రెండూ కలహించవు. న్యాయ సమీక్ష అనే పదబంధంలో సమీక్ష అన్న మాట కొంత మోసం చేస్తుంది. పుస్తక సమీక్షకుడు పుస్తకం మంచిచెడ్డలు తేల్చినట్లు, న్యాయమూర్తి కళాశాల మంచిచెడ్డలు తేలుస్తాడని అనుకుంటాము. ఆయన గదులు కొలవడు, గ్రంథాలయంలో పుస్తకాలు లెక్కించడు. నిర్ణయించిన అధికారికి ఆ అధికారం ఉన్నదా, అవతలివారి మాట విన్నాడా, కారణం వ్రాశాడా, పనికిరాని సంగతులను లెక్కలోకి తీసుకున్నాడా అనేవే చూస్తాడు. కారణం లేని తిరస్కారం నిలవదు. కారణమున్న తిరస్కారాన్ని జాలితో కొట్టివేయడమూ కుదరదు.

ఈ వ్యవహారంలో సామాన్యుడిని తికమకపెట్టే మాటలు మూడు: అనుమతి, గుర్తింపు, అనుబంధం. కరపత్రాలలో మూడింటినీ ఒకటే అన్నట్లు అచ్చు వేస్తారు. 1993 నాటి జాతీయ ఉపాధ్యాయ విద్యా మండలి చట్టం ప్రకారం గుర్తింపునిచ్చేది మండలి ప్రాంతీయ సంఘం. అనుబంధం ఇచ్చేది విశ్వవిద్యాలయం. అదీ గుర్తింపు వచ్చిన పిమ్మటనే. రాష్ట్రప్రభుత్వపు అనుమతి స్థానం ఆ చట్టంతో మారిపోయింది. మహారాష్ట్ర ప్రభుత్వం కొత్త బి.ఇడి. కళాశాలలు వద్దన్నప్పుడు, ఆ నిర్ణయాధికారం మండలిదే కాని రాష్ట్రానిది కాదని 2006లో సుప్రీంకోర్టు తేల్చింది. అలాగని మండలి మాట వేదవాక్కేమీ కాదు. అదే మహారాష్ట్రలోని సంస్థల గుర్తింపు వివాదమే పెరిగి పెద్దదై, 2011లో జస్టిస్ జె.ఎస్. వర్మ అధ్యక్షతన సుప్రీంకోర్టు ఒక ఉన్నతాధికార సంఘాన్ని నియమించవలసి వచ్చింది.

చట్టంలో విద్యార్థికి ఒక రక్షణ ఉన్నది. గుర్తింపు రద్దు చేయదలిస్తే ముందు సంస్థకు సంజాయిషీ అవకాశమివ్వాలి; రద్దు ఉత్తర్వు అందిన తరువాత వచ్చే విద్యాసంవత్సరం ముగిసేదాకా అది అమలులోకి రాదు. చదువుతున్నవాడు నడిమధ్యలో వీధిన పడకుండా చేసిన ఏర్పాటు ఇది. అసలే గుర్తింపు లేనిచోట చేరినవానికి మాత్రం ఈ నీడ లేదు. చిక్కంతా మధ్యంతర ఉత్తర్వులతో వస్తుంది. హైకోర్టు తాత్కాలికంగా ప్రవేశాలకు వీలిస్తుంది. సీట్లు నిండుతాయి, ఫీజులు చెల్లిపోతాయి. తుది తీర్పు వచ్చేసరికి ఏడాది గడిచిపోతుంది. ఓడినది యాజమాన్యమే అయినా, నష్టం నెత్తిన పడేది పుస్తెలు కుదువబెట్టి కూతుర్ని చేర్చిన తండ్రికి. ఇటువంటి ఉత్తర్వుల పట్ల సుప్రీంకోర్టు పలుమార్లు హెచ్చరించడానికి ఇదే కారణం.

రాంచీ తీర్పు మా ఊరివారికి మరొక విధంగానూ దగ్గరది. అల్పసంఖ్యాకులెవరన్నది రాష్ట్రాన్ని బట్టి లెక్కించాలని 2002లో టి.ఎం.ఎ. పాయ్ ఫౌండేషన్ వ్యాజ్యంలో 11 మంది న్యాయమూర్తుల ధర్మాసనం నిర్ణయించింది. విజయనగరంలో తెలుగువాడు అల్పసంఖ్యాకుడు కాడు. అక్కడినుంచి ఉక్కు కర్మాగారంలో పనికని తాతలనాడు వచ్చి జంషెడ్‌పూరు ప్రాంతంలో స్థిరపడిన వాని మనుమడు మాత్రం భాషాల్పసంఖ్యాకుడే. రేపు జుగ్సలాయిలో తెలుగువారు కూడి ఒక ఉపాధ్యాయ శిక్షణ కళాశాల పెట్టుకోదలిస్తే 30వ అధికరణం వారికి అండగా నిలుస్తుంది. గుర్తింపు ఉత్తర్వు చేతికి రాకముందే ప్రవేశాల ప్రకటన వేస్తే, వారికి వర్తించేది రాంచీ తీర్పు కాదు, నాగేశ్వరమ్మ తీర్పు.