పేరులోనే తెలంగాణ ఉన్న శకుంతల

సినిమా చూసి బయటికొచ్చినంక హీరో పేరు గుర్తుంటుంది, హీరోయిన్ పేరు గుర్తుంటుంది. నాలుగు సీన్లలో కనబడి థియేటర్ దద్దరిల్లేలా చేసినామె పేరు మాత్రం చానామందికి తెలియదు. "గా గయ్యాళామె లేదూ!" అంటారు, అంతే. సూర్యకాంతం తర్వాత గయ్యాళి వేషాలు వేసి కూడా సొంత పేరుతో గుర్తుండిపోయినవాళ్లు తక్కువ. వాళ్లలో తెలంగాణ శకుంతల ఒకరు. ఈ వారం ఆమె ముచ్చట.

పేరు చూసి ఆమెది మన పక్క ఊరే అనుకుంటాం. కానీ ఆమె 1951లో మహారాష్ట్రలో పుట్టారు, ఇంట్లో మాట మరాఠీ. నాటకాలాడుకుంటూ సినిమాల్లోకి వచ్చారు. మొదటి సినిమా 1979 నాటి 'మా భూమి'. కిషన్ చందర్ ఉర్దూ నవల దానికి ఆధారం. డైరెక్టర్ గౌతమ్ ఘోష్ బెంగాలీ. నిర్మాతల్లో ఒకరు మన బి.నర్సింగరావు. తెలంగాణ రైతుల పోరాటం తెర మీదికి ఇట్ల నాలుగు భాషల మనుషుల చేతుల మీదుగా వచ్చింది. మాట ఒక్కరి సొత్తు కాదని చెప్పడానికి ఇంతకన్నా ఏం కావాలె?

జనం నోట్లో ఆమె పేరు గట్టిగా పడింది మాత్రం ఇరవై ఏండ్లు దాటినంక. 2001లో తేజ తీసిన 'నువ్వు నేను' వచ్చేనాటికి ఆమెకు యాభై ఏండ్లు. 2003లో 'ఒక్కడు'లో ప్రకాశ్‌రాజ్ తల్లిగా రాయలసీమ మాట మాట్లాడారు. అదే ఏడు తమిళంలో విక్రమ్ 'ధూల్'లో సొర్ణక్కగా అక్కడి జనాన్నీ భయపెట్టారు. హీరోయిన్లకు ముప్పై దాటితే వేషాలు తగ్గే పరిశ్రమలో యాభైలో పేరు తెచ్చుకోవడం చిన్న విషయం కాదు. బొంగురు గొంతు, ఉరిమే చూపు: ఆమె ఆస్తి అంతా అదే.

ఇక్కడ నాకొక చిక్కుంది. మాది సాతంరాయి. మా ఇండ్లల్ల "ఏడికి వోతున్నవ్", "గిట్లెందుకు జేసినవ్" అనేది కోపం మాట కాదు, ప్రేమ మాట. మా అమ్మ నన్ను అన్నం తినమన్నా అదే యాస. తెర మీద మాత్రం ఆ యాస రౌడీకో, కమెడియన్‌కో, లేకుంటే గయ్యాళికో పోయేది. హీరో తల్లి పుస్తకంలో అచ్చేసినట్టు మాట్లాడేది. శకుంతల గారు నోరు విప్పితే ఇంటిల్లిపాదీ నవ్వేవాళ్లం, "మన మాట గదా" అని మురిసేవాళ్లం. మరునాడు బస్సెక్కి సిటీకి పోయిన మా పోరగాళ్లు కాలేజీలో ఆ మాటనే దాచుకునేవాళ్లు. ఎవరన్నా నవ్వుతరేమోనని.

అందులో ఆమె తప్పేం లేదు. వచ్చిన వేషమే వేస్తారు, ఎవరైనా. ఇచ్చిన నాలుగు సీన్లలో ఆ యాసకు భయం లేకుండా నిలబడే దర్జా ఇచ్చారు. తలొంచుకుని మాట్లాడిన పాత్ర ఆమెది నాకొక్కటీ గుర్తు లేదు.

కాలం మారింది. 2017లో 'ఫిదా' హీరోయిన్ బాన్సువాడ పిల్లగా ఇదే యాసలో ప్రేమించింది, కొట్లాడింది. సాయిపల్లవి తమిళ పిల్ల, అయినా డబ్బింగ్ తనే చెప్పుకుంది. 2023లో 'బలగం' ఈ మాటతోనే జనాన్ని ఏడిపించింది. ఇప్పుడు తల్లి పాత్రకూ, తండ్రి పాత్రకూ ఈ మాట పనికొస్తోంది.

తెలంగాణ రాష్ట్రం 2014 జూన్ 2న వచ్చింది. శకుంతల గారు అదే నెల 14న, కొంపల్లిలో గుండెపోటుతో పోయారు. పేరులో మోసిన రాష్ట్రాన్ని పన్నెండు రోజులే చూశారు. ఇంకో పదేండ్లుంటే ఏ 'బలగం' లాంటి సినిమాలోనో ఆమెను కన్నీళ్లు తుడిచే తల్లిగా చూసేవాళ్లమేమో. ఆ గొంతులో ఎంత ప్రేమ ఉందో డైరెక్టర్లు అడిగి చూడలేదు.

ఈ ఆదివారం తీరిక దొరికితే కామెడీ క్లిప్పులు పక్కన పెట్టి 'మా భూమి' చూడండి. మీ పిల్లల్ని కూడా పక్కన కూర్చోబెట్టుకోండి. యాస అర్థం కాకపోతే మీరే చెప్పండి.