ఒక్క పెన్నీ కోసమేనా?

1889 ఆగస్టులో లండన్ రేవు కూలీలు గంటకు ఒక్క పెన్నీ ఎక్కువ కోసం సమ్మె చేశారని చెప్తుంటారు. ఐదు పెన్నీల చోట ఆరు అడిగారు, నిజమే. కాని నాకు ఇంకో కోరికే పెద్దదనిపిస్తుంది: పనిలోకి పిలిస్తే కనీసం నాలుగు గంటల కూలి ఇవ్వాలి. ఎందుకంటే, పొద్దున్నే రేవు గేటు దగ్గర వందల మంది తోసుకునేవాళ్లు. మేస్త్రీ వేలు చూపినవాడికే పని. అదీ గంటో రెండు గంటలో, తర్వాత పొమ్మనడమే. పట్నంలో అడ్డా మీద నిలబడ్డవాళ్లకు ఇది వేరే చెప్పక్కర్లేదు.

ఇలాంటివాళ్లు సంఘం కట్టలేరని, ఒకడు మానేస్తే పదిమంది వస్తారని పెద్దమనుషుల ధీమా. బెన్ టిల్లెట్, టామ్ మాన్, జాన్ బర్న్స్ ముందు నడిచారు. రోజూ ఊరేగింపులే! ఐదు వారాలు. ఆకలికి లొంగుతారనుకుంటే ఆస్ట్రేలియా నుంచి దాదాపు 30,000 పౌండ్ల చందా వచ్చింది. ముఖమైనా చూడనివాళ్ల కోసం! రాజీ కుదిర్చిన కార్డినల్ మానింగ్‌ని అందరూ పొగుడుతారు (పెద్దాయన మంచివాడే), కాని సమ్మెను నిలబెట్టింది ఆ చందా అనే నేనంటాను. సెప్టెంబరులో ఆరు పెన్నీలకు యజమానులు ఒప్పుకున్నారు.

మరుసటి ఏడాది ఆస్ట్రేలియా ఓడ కార్మికులు సమ్మె కట్టారు. ఈసారి బ్రిటన్ సంఘాలు డబ్బు పంపాయి. అయినా ఆ సమ్మె ఓడిపోయింది.