క్రాసింగ్ చేసే చేతికి నైపుణ్యం లేదా?

మన దేశంలో చేతులకు కొదవ లేదు, నైపుణ్యానికే కరువు అనే మాట పదేళ్లుగా పాలకుల నోటా పరిశ్రమల నోటా వినిపిస్తూనే ఉంది. 2015 నాటి జాతీయ నైపుణ్యాభివృద్ధి విధానం దానికో అంకె కూడా ఇచ్చింది. మన శ్రామికుల్లో పద్ధతి ప్రకారం శిక్షణ పొందినవాళ్లు 4.69 శాతం. దక్షిణ కొరియాలో 96, జపాన్‌లో 80, జర్మనీలో 75. ఆ పత్రం చెప్పింది శిక్షణ సంగతి. జనంలోకి వచ్చేసరికి అది మిగతా 95 మందికి పని రాదన్న మాటగా స్థిరపడిపోయింది. మందు కూడా తయారుగా ఉంది: పనికో కోడ్, కోడ్‌కో కోర్సు, కోర్సుకో సర్టిఫికెట్. 2024లో ఆంధ్రప్రదేశ్ కొత్త ప్రభుత్వం చేసిన తొలి సంతకాల్లో నైపుణ్య గణన ఒకటి. అదే ఏడాది తెలంగాణ స్కిల్స్ యూనివర్సిటీకి చట్టం చేసింది.

శిక్షణ వద్దని ఎవరంటారు? పనుల జాబితా కూడా ఉండాల్సిందే. అది లేకపోతే ఏ పనిలో ఎంతమంది ఉన్నారో, ఎవరికి ఎంత కూలి గిడుతోందో తేల్చలేం. నా గొడవ ఆ జాబితా పునాదితో. ఏది నైపుణ్యం, ఏది కాదు అని అందులో గీసిన గీత తప్పు. ఆ గీత మీద ఎన్ని కోర్సులు కట్టినా అవి వంకరగానే లేస్తాయి.

జాతీయ వృత్తుల వర్గీకరణ తీసి చూడండి. 1946 నాటి తొలి గైడు నుంచి 1958, 1968, 2004లలో మారుతూ 2015లో ఇప్పటి రూపానికి వచ్చింది. మూడు వేలకు పైగా వృత్తులు, ఒక్కోదానికి ఎనిమిది అంకెల కోడ్. అంతర్జాతీయ కార్మిక సంస్థ 2008 వర్గీకరణే దీనికి చట్రం. వృత్తులను నాలుగు నైపుణ్య స్థాయులకు పంచారు. కొలబద్ద బడిలో గడిపిన ఏళ్లు. పదేళ్ల దాకా చదువో, బడి బయట నేర్చిన పనితనమో ఉంటే మొదటి స్థాయి. 11 నుంచి 13 ఏళ్లయితే రెండు, 14, 15 ఏళ్లయితే మూడు, ఆ పైన నాలుగు.

ఇప్పుడు ఒకే చేలో ఉన్న ఇద్దరిని తీసుకుందాం. సేద్యం చేసే రైతు ఆరో విభాగంలోకి వస్తాడు. ఆ విభాగం పేరులోనే నైపుణ్యం ఉంది. అతనిది రెండో స్థాయి. అదే చేలో పనిచేసే కూలి మనిషి తొమ్మిదో విభాగంలోకి, అంటే ఇళ్లు ఊడ్చేవాళ్లూ చెత్త ఏరేవాళ్లూ మూటలు మోసేవాళ్లూ ఉన్న అట్టడుగు వరుసలోకి పోతుంది. ఆమెది మొదటి స్థాయి. మన రైతుల్లో ఇంటర్ దాకా చదివినవాళ్లు ఎందరు? అయినా రైతుకు రెండో స్థాయి ఇచ్చారు. ఇవ్వాల్సిందే, నాకు పేచీ లేదు. కానీ రైతు దగ్గర చదువు కొలబద్దను పక్కన పెట్టగలిగినవాళ్లు కూలి దగ్గరికి వచ్చేసరికి ఎందుకు పెట్టలేకపోయారు? 2004 వర్గీకరణలోనైతే శాసనసభ్యులు, ఉన్నతాధికారులు, మేనేజర్ల విభాగానికి నైపుణ్య స్థాయే నిర్ణయించలేదు. చదువు ఏళ్లతో ఆ పనులను కొలవలేమని గ్రహించారన్న మాట. ఆ గ్రహింపు తొమ్మిదో విభాగం దాకా రాలేదు.

గద్వాల, నంద్యాల వైపు పత్తి విత్తనం పండించే చేలున్నాయి. అక్కడ హైబ్రిడ్ విత్తనం చేతులతోనే తయారవుతుంది. ఆ పనినే క్రాసింగ్ అంటారు. మధ్యాహ్నం వాలాక ఆడవాళ్లు ఆడ మొక్కల సాళ్లలోకి దిగుతారు. మర్నాడు విచ్చుకోబోయే మొగ్గేదో చూసి పట్టాలి. ఇంకో రోజు ఆగాల్సిన మొగ్గను తాకకూడదు, దాటిపోయినదాన్ని తుంచి పారెయ్యాలి. పట్టిన మొగ్గ అడుగున బొటనవేలి గోరు దించి, రేకలనూ వాటితోపాటు కేసరాల గొట్టాన్నీ ఒక్క లాగుతో ఊడదియ్యాలి. గోరు లోతుకు దిగితే కాయ కట్టే అండాశయం చిట్లుతుంది. పైపైన దిగితే పుప్పొడి తిత్తి ఒకటి మిగిలిపోతుంది. ఆ మిగిలిన తిత్తి చాలు, మొగ్గ తన పుప్పొడితో తానే ఫలదీకరణ చెంది హైబ్రిడ్ కాకుండా పోవడానికి. ఒలిచిన మొగ్గకు గుర్తు పెట్టి వదిలేస్తారు. మర్నాడు పొద్దున మంచు ఆరాక మగ మొక్కల పూలు కోసుకొచ్చి, ఒక్కో పువ్వుతో నాలుగైదు మొగ్గల కీలాగ్రాలకు చుట్టూ అంటేలా పుప్పొడి అద్దుతారు. ఎండ ముదిరే లోపు సాలు పూర్తి కావాలి. రెండు నెలలకు పైగా రోజూ ఇదే వరస. క్రాసింగ్ ఆపేశాక వచ్చే ప్రతి మొగ్గనూ పువ్వునూ గిల్లెయ్యాలి. ఒక్కటి వదిలినా దాని గింజ విత్తనంలో కలుస్తుంది.

ఆ విత్తనాన్ని తరవాత కంపెనీ విత్తి, మొలిపించి, జన్యు స్వచ్ఛత పరీక్షిస్తుంది. తప్పితే ఆ లాటు విత్తనంగా పనికిరాదు. అంటే కంపెనీ పెట్టుబడి, రైతు ఏడాది కష్టం, రేపు ఆ ప్యాకెట్ కొనే ఇంకో రైతు పంట అన్నీ ఆ గోరు మీద ఆధారపడి ఉన్నాయి. పరిశోధన కేంద్రంలో ఇదే పని చేసేవాళ్లను టెక్నీషియన్ అంటాం, నెల జీతం ఇస్తాం. చేలో చేసే మనిషికి రోజు కూలి, తొమ్మిదో విభాగం.

ఇదే పనిలో ఒకప్పుడు బడి ఈడు ఆడపిల్లలను వేల సంఖ్యలో దింపారు. సున్నితమైన వేళ్లుండాలి, చిన్నవాళ్లయితేనే బాగా చేస్తారు అన్నారు. ఆ మాట అబద్ధం, అసలు కారణం తక్కువ కూలి. అయితే పనికి ఒడుపు కావాలని ఆ పిల్లలను దింపినవాళ్లు తమ నోటితోనే ఒప్పుకున్నారు. ఆ ఒడుపుకు ధర కట్టాల్సి వచ్చినప్పుడు మాత్రం కాదన్నారు.

వరి నాట్లూ అంతే. నారు ముదిరితే కుదురుకు మొక్కలు పెంచాలి, కుదుళ్లు దగ్గర చెయ్యాలి. లోతుగా గుచ్చితే పిలకలు తగ్గుతాయి. కాండం తొలుచు పురుగు గుడ్లు పోవాలంటే నారు కొనలు తుంచి నాటాలి. దోమపోటు రాకుండా రెండు మీటర్లకోసారి కాలిబాట వదలాలి. వ్యవసాయ శాఖ కరపత్రంలో ఇవన్నీ శాస్త్రీయ పద్ధతులు. నడుం వంచి వాటిని అమలు చేసే మనిషి నైపుణ్యం లేని కూలి.

దీనికి వర్గీకరణను సమర్థించేవాళ్ల జవాబు ఉంది. మేం కొలిచేది మనిషిని కాదు, పనిని, అంటారు. నిర్ణయాలు రైతువి, కూలి చెప్పింది చేస్తుంది, ఆ పని నాలుగు రోజుల్లో వస్తుంది, అంటారు. మొగ్గ మొగ్గకూ ఏది ఒలవాలి, ఏది వదలాలి అనే నిర్ణయం ఎవరిది? గట్టు మీదున్న రైతుది కాదు. ఇక నాలుగు రోజుల్లో రావడమంటారా, పక్క సాలులో తల్లో మేనత్తో నిలబడి తప్పు చేసిన ప్రతి మొగ్గ దగ్గరా ఆపి చూపిస్తే వస్తుంది. వేగం, లాటు తప్పని నమ్మకం రావడానికి ఒక సీజన్ పడుతుంది. అలా నేర్పడం శిక్షణే. ప్రభుత్వ శ్రామిక సర్వేలు కూడా వంశపారంపర్యంగా నేర్చుకోవడం, పనిలో నేర్చుకోవడం, సొంతంగా నేర్చుకోవడం అని విడివిడిగా నమోదు చేస్తాయి. 4.69 శాతం లెక్కలో అవేవీ చేరవు.

ఇదంతా కాగితం మీది తగాదా అయితే నేనింత రాయను. శిక్షణకు డబ్బు ఎటు పోవాలో ఈ గీతే చెబుతుంది. 2023 నవంబరులో కేంద్రం ఆమోదించిన నమో డ్రోన్ దీదీ పథకంలో 15,000 మహిళా సంఘాలకు డ్రోన్లు, నడిపే మహిళకు 15 రోజుల శిక్షణ. మంచిదే, రావాలి. కానీ చేతిలోకి యంత్రం వచ్చిననాడే ఆ మహిళ నైపుణ్యం గలదైంది. అంతకు ముందు ఇరవై ఏళ్లు అదే చేలో చేసిన పని లెక్కలోకి రాలేదు. కనీస వేతనాల పట్టికలు కూడా ఇదే దారిన నైపుణ్యం లేని, కొంత ఉన్న, పూర్తిగా ఉన్న పనులంటూ అంతరువులు కడతాయి. కింది అంతరువులో పడ్డ మనిషి అక్కడే ఉండిపోతుంది. పాత అనుభవానికి గుర్తింపు పేరుతో కొద్ది గంటల తరగతి, ఒక పరీక్ష పెట్టి సర్టిఫికెట్ చేతిలో పెడుతున్నారు. మర్నాడు కూలి రూపాయి పెరగదు. పెంచాలని ఎక్కడా రాసి లేదు మరి.

జర్మనీని చూపించేవాళ్లు జర్మనీని సగమే చూపిస్తారు. అక్కడ 1969 చట్టం కింద శిక్షణ పొందే పిల్లలు వారంలో ఎక్కువ రోజులు పనిచోటే ఉంటారు, ఒకటి రెండు రోజులు బడికి వెళతారు. నేర్చుకునే కాలంలో భత్యం ఉంటుంది. ఏ వృత్తిలో ఏమి నేర్పాలో యజమానులూ కార్మిక సంఘాలూ కలిసి కూర్చుని రాస్తారు. చదువు అయ్యాక ఆ సర్టిఫికెట్‌కు వేతన ఒప్పందాల్లో చోటు ఉంటుంది. మనం తెచ్చుకున్నది కోడ్ ఒక్కటే. కార్మికుల మాట, వేతనం అక్కడే వదిలేసి వచ్చాం.

కాబట్టి మొదట మారాల్సింది జాబితా. విత్తన క్రాసింగ్‌ను సాధారణ పంట కూలి కిందినుంచి తీసి దానికి సొంత కోడ్ ఇవ్వాలి, స్థాయి రెండు ఉండాలి. నైపుణ్య గణనకు ఇంటికొచ్చే ఉద్యోగి ఏం చదివావని కాక ఏం పని చేస్తావు, ఎవరి దగ్గర నేర్చావు, ఎవరికి నేర్పావు అని అడగాలి. కోర్సు పెడితే పాఠం చెప్పాల్సింది పదేళ్లు క్రాసింగ్ చేసిన మహిళ, ఐటీఐలో బోధకుడికి ఇచ్చే గంట రేటుతో. సర్టిఫికెట్ ఇచ్చిన రోజు నుంచే కనీస వేతన పట్టికలో పై అంతరువు వర్తిస్తుందని ఉత్తర్వులోనే రాయాలి.

రైతు ఎక్కడినుంచి తెచ్చి ఇస్తాడని అడుగుతారు. విత్తన రైతుకు నిజంగానే గిట్టుబాటు తక్కువ. ఈ భారం అతని మీద వెయ్యకూడదు. విత్తనానికి సేకరణ ధర నిర్ణయించేది కంపెనీ, స్వచ్ఛత పరీక్ష పెట్టేది కంపెనీ, ప్యాకెట్ మీద లాభం తీసుకునేదీ కంపెనీయే. ఒప్పందంలో సేకరణ ధర పక్కనే క్రాసింగ్ కూలి రేటును వేరే పద్దుగా రాయించి, ఆ పద్దును కంపెనీ నేరుగా చెల్లించేలా చెయ్యాలి. కంపెనీకీ రైతుకూ మధ్య ఉండే ఆర్గనైజర్ల చేతుల మీదుగా పోనివ్వకూడదు.