పడకకు ఉన్న బీమా బిళ్ళకు లేదు

డెబ్భై ఏళ్లు దాటినవారికి, ఆస్తిపాస్తులతో నిమిత్తం లేకుండా, ఇంట్లోని పెద్దలందరికీ కలిపి ఏడాదికి 5 లక్షల రూపాయల వైద్యం ఉచితమంటూ 2024 అక్టోబరు 29న కేంద్ర ప్రభుత్వం ఆయుష్మాన్ భారత్ కింద వయ వందన కార్డులు ఇవ్వడం మొదలుపెట్టింది. అంతకు పది నెలల ముందే మన ఆంధ్రప్రదేశ్ ఆరోగ్యశ్రీ పరిమితిని కుటుంబానికి 25 లక్షలకు పెంచింది. ప్రభుత్వం మారాక అదే పథకం డాక్టర్ ఎన్టీఆర్ వైద్య సేవగా నడుస్తోంది. ఈ అంకెలు చిన్నవేమీ కావు. అయితే చల్లపల్లిలోనో గుడివాడలోనో కుంగుబాటుకు రోజూ బిళ్ళ వేసుకుంటున్న ఓ డెబ్భై రెండేళ్ల పెద్దావిడ ఈ నెల మెడికల్ షాపులో కట్టిన డబ్బులో ఈ కార్డులు ఎంత భరించాయో అడిగి చూడండి. ఒక్క రూపాయి కూడా భరించలేదు.

కారణం దాచిపెట్టినదేమీ కాదు, పథకం రాతలోనే ఉంది. ఈ బీమాలు ప్రధానంగా ఆసుపత్రిలో చేరినవారి కోసం పుట్టాయి. ఆయుష్మాన్ భారత్‌లో మానసిక జబ్బులకు ప్యాకేజీలు ఉన్నాయి. స్కిజోఫ్రెనియా ముదిరినా, కుంగుబాటుతో తిండి మానేసి ప్రాణం మీదికి తెచ్చుకున్నా వార్డులో చేర్చుకుంటే డబ్బు కడతారు. షాక్ ట్రీట్‌మెంట్‌కు విడిగా కడతారు. చేరడానికి ముందు మూడు రోజులు, ఇంటికి వెళ్లాక పదిహేను రోజుల మందులు కూడా అందులోనే వస్తాయి. పదహారో రోజు నుంచి రోగి, మెడికల్ షాపు మిగులుతారు. ఓపీకి వచ్చి చీటీ రాయించుకుని వెళ్లేవారి మందులు మొదటి రోజు నుంచే ఈ లెక్కలోకి రావు.

2007 ఏప్రిల్ 1న మూడు జిల్లాల్లో మొదలైన ఆరోగ్యశ్రీని తక్కువ చేసి మాట్లాడటం నా ఉద్దేశం కాదు. గుండె ఆపరేషన్ కోసం ఎకరం అమ్ముకునే రోజుల్ని అది ఎన్నో ఇళ్ల నుంచి తప్పించింది. ఆపరేషన్‌కు ఒక తేదీ ఉంటుంది, ఒక బిల్లు ఉంటుంది, డిశ్చార్జి ఉంటుంది. ప్యాకేజీ పద్ధతి దానికి సరిగ్గా అతుకుతుంది. ముసలితనంలో వచ్చే మనోవ్యాధికి డిశ్చార్జి లేదు. ఇరవై ఏళ్లుగా ఉన్న బైపోలార్ జబ్బు అరవై దాటాక పోదు. భర్త పోయాక మొదలైన కుంగుబాటు నెలలు, ఏళ్లు మందు అడుగుతుంది. మతిమరుపు జబ్బు చివరిదాకా ఉంటుంది. వీళ్లలో చాలామంది ఏనాడూ ఆసుపత్రి పడక ఎక్కరు. మందు బాగా పనిచేస్తే ఎక్కాల్సిన అవసరమే రాదు. ఆ మందు కొనిపెట్టని బీమా, మందు ఆగి రోగి కూలబడ్డాక పడకకు మాత్రం వేలకు వేలు కడుతుంది.

ఈ పెద్దలు ఎంతమంది ఉంటారు? 2017-18లో దేశమంతటా పెద్దవారి మీద జరిపిన లాసీ సర్వేలో అరవై దాటినవారిలో 8.3 శాతం మందికి తీవ్రమైన కుంగుబాటు ఉండవచ్చని తేలింది. తమకు ఆ జబ్బు ఉందని డాక్టరు చెప్పారన్నవారు ఒక శాతం కూడా లేరు. అదే సర్వేకు అనుబంధంగా జరిగిన అధ్యయనం అరవై దాటినవారిలో 7.4 శాతానికి డిమెన్షియా ఉన్నట్టు అంచనా కట్టింది. 2015-16లో నిమ్హాన్స్ ఆధ్వర్యంలో పన్నెండు రాష్ట్రాల్లో జాతీయ మానసిక ఆరోగ్య సర్వే జరిగితే వాటిలో ఆంధ్రప్రదేశ్ లేదు. మన పెద్దల మనసు గురించి మన సొంత లెక్క పలచన. ఇళ్లలో దాన్ని చాదస్తం అనో, పెద్దతనం అనో సరిపెట్టుకోవడం వల్ల ఉన్న లెక్క కూడా బయటికి రాదు.

విజయవాడ సూర్యారావుపేటలో డాక్టర్ల వీధుల వెంట ఉన్న మెడికల్ షాపుల్లో సాయంత్రం పూట ఓ అరగంట నిలబడితే సర్వేలు చెప్పనిది కనబడుతుంది. కంకిపాడు వైపు నుంచి వచ్చిన పెద్దాయన, భుజాన తువ్వాలు, చేతిలో ప్లాస్టిక్ కవరు. భార్యకు మతిమరుపు జబ్బు. చీటీలో నాలుగు రకాలు ఉన్నాయి. మతిమరుపుకు డొనెపెజిల్, మెమాంటిన్. రాత్రిళ్లు లేచి గేటు తీసుకుని వెళ్లిపోతోందని క్వెటియాపిన్ చిన్న మోతాదు. ఏడుస్తూ కూర్చుంటోందని ఎస్సిటలోప్రామ్. కౌంటర్ మీది కుర్రాడు కాలిక్యులేటర్ నొక్కి, "నెలకి పదిహేనొందలు దాటుద్దండీ బాబాయ్ గారూ" అన్నాడు. పెద్దాయన కాసేపు చీటీ వంక చూసి, "పది రోజులకి కొయ్యి బాబూ. ఒకటో తారీకున పింఛను ఇచ్చాక మిగతాయి పట్టుకెళ్తా" అన్నారు. ఆ కుర్రాడు కత్తెరతో షీట్లు కోసి ఇచ్చాడు. మందు పేరు, గడువు తేదీ ఉన్న ముక్క షాపులో మిగిలింది. పేరు లేని బిళ్ళలు నాలుగు రకాలు ఒకే కాగితం కవరులో ఇంటికి వెళ్లాయి. వాటిలో ఏది పొద్దున్నదో, ఏది రాత్రిదో ఆయనే గుర్తుపెట్టుకోవాలి.

ఎన్టీఆర్ భరోసా కింద వృద్ధాప్య పింఛను ఇప్పుడు నెలకు 4,000. అందులో మూడో వంతుకు పైగా ఒక మనిషి మనోవ్యాధి మందులకే పోతోందన్నమాట. ఆయన బీపీ, షుగర్ సంగతి వేరే.

దీనికి ఖాయంగా వచ్చే జవాబు ఒకటుంది: చవక మందులు ఉన్నాయి కదా, ప్రభుత్వాసుపత్రుల్లో ఉచితంగా ఇస్తున్నారు కదా అని. ఇస్తున్నారు, నిజమే. కానీ పెద్దవారి ఒంటికి ఏ చవక మందు సరిపోతుందన్నది వైద్యం తెలిసినవారు తేల్చాలి, స్టోరులో ఉన్న నిల్వ తేల్చకూడదు. కుంగుబాటుకు అమిట్రిప్టిలిన్ చాలా పాతది, చవకది, పడుచువారికి బాగానే పనిచేస్తుంది. డెబ్భై దాటినవారికి అది నోరెండబెడుతుంది, మలబద్ధకం తెస్తుంది, ప్రొస్టేట్ సమస్య ఉన్న మగవారికి మూత్రం బిగబడుతుంది, కొందరికి మాట తడబడి మతి చెదురుతుంది. మంచం మీద నుంచి లేస్తూనే బీపీ పడిపోయి తూలుతారు. అలా పడి తుంటి ఎముక విరిగితే ఆ ఆపరేషన్‌కు కార్డు పనిచేస్తుంది! హాలోపెరిడాల్ కూడా అంతే, చవక. పెద్దవారికి కాళ్లూ చేతులూ బిగుసుకుపోయి వణుకు పట్టుకునే ప్రమాదం ఎక్కువ. రోజూ బిళ్ళ మింగనని మొరాయించే స్కిజోఫ్రెనియా రోగికి నెలకోసారి వేసే పాలిపెరిడోన్ ఇంజెక్షన్ ఉంది. దాని ఖరీదు వేలల్లో ఉంటుంది. అది కొనలేని ఇంట్లో ఏం జరుగుతుందో ఆ ఇంటి కోడలిని అడగాలి.

మందుతో పాటు రక్తపరీక్షలు ఉంటాయి. లిథియం వాడేవారికి మందు మోతాదు రక్తంలో ఎంతుందో, కిడ్నీ, థైరాయిడ్ ఎలా ఉన్నాయో వరసగా చూడాలి. కాస్త ఎక్కువైతే విషం. ఎస్సిటలోప్రామ్ లాంటివి పెద్దవారిలో సోడియం పడగొడతాయి, ఒంట్లో నీరు తీసే బీపీ బిళ్ళ కూడా వేసుకుంటుంటే మరీను. క్లోజపిన్ మొదలుపెడితే మొదటి 18 వారాలు వారం వారం రక్తం చూడాలి. నాగాయలంక నుంచి విజయవాడకు బస్సెక్కి వచ్చే మనిషికి ఈ పరీక్షల ఖర్చు, తోడొచ్చినవారి కూలి, దారి ఖర్చు కలిపి చూస్తే బిళ్ళ ధర చిన్నదైపోతుంది. సోడియం పడిపోయి స్పృహ తప్పితే మాత్రం అత్యవసర వార్డులో బీమా సిద్ధంగా ఉంటుంది.

మన ఊళ్లోనే వేరే పద్ధతిలో బతికే పెద్దవారున్నారు. విజయవాడ రైల్వే జంక్షన్ కాబట్టి రిటైరైన రైల్వే ఉద్యోగులు వీధికొకరు కనబడతారు. వారి ఆరోగ్య పథకంలో చేరినవారు రైల్వే ఆసుపత్రి ఓపీలో చూపించుకుని నెలవారీ మందులు తెచ్చుకుంటారు. కేంద్ర ప్రభుత్వ పింఛనుదార్లకు సీజీహెచ్ఎస్ వెల్‌నెస్ సెంటర్ ఇదే పని చేస్తుంది. కనీసం ఐదేళ్లు ఈఎస్ఐ కట్టి రిటైరైన కార్మికుడు ఏడాదికి 120 రూపాయలు కట్టి, భార్యకు కూడా గుణదల ఈఎస్ఐ ఆసుపత్రిలో చూపించుకోవచ్చు. ఒకే వీధిలో, ఒకే జబ్బుతో ఉన్న ఇద్దరు ముసలివాళ్లలో ఒకరు ఇంజిన్ నడిపారు కాబట్టి మందు వస్తుంది, రెండోవారు కౌలు చేశారు కాబట్టి రాదు. బిళ్ళలకు డబ్బు కట్టే పద్ధతి మన దగ్గర లేక కాదు. అది ఎవరికన్నదే పేచీ.

ఆరోగ్యశ్రీకి కూడా ఈ పద్ధతి కొత్త కాదు. గుండె, మెదడు, కిడ్నీ వంటి చికిత్సలు వందకు పైగా ఎంచి, వాటి తర్వాత డాక్టరు సలహా, పరీక్షలు, మందులు కలిపి ఫాలో అప్ ప్యాకేజీలు పెట్టింది. డయాలసిస్‌కు రోగి వారానికి రెండు మూడుసార్లు వచ్చి సాయంత్రానికి ఇంటికి వెళ్తాడు. ఆ ఖర్చు ఏళ్ల తరబడి పథకం భరిస్తుంది. జీవితాంతం సాగే జబ్బుకు జీవితాంతం కట్టవచ్చని ఒప్పుకున్నట్టే కదా! అలాగే 104 వాహనం ఊరికి వచ్చినప్పుడు బీపీ, షుగర్ బిళ్ళలు పెద్దలకు ఉచితంగా ఇస్తారు. ఆ వరసలో నిలబడిన ఆవిడే కుంగుబాటు బిళ్ళ అడిగితే సాధారణంగా విజయవాడకో బందరుకో దారి చూపిస్తారు.

చట్టం ఏం చెబుతోంది? 2018 మే 29 నుంచి అమల్లో ఉన్న మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టం, 2017లో రెండు సెక్షన్లు ఈ విషయానికి ప్రాణం. 21వ సెక్షన్ ప్రకారం శారీరక జబ్బులకు ఇచ్చినట్టే మానసిక జబ్బులకూ బీమా ఇవ్వాలి. బీమా నియంత్రణ సంస్థ ఐఆర్‌డీఏఐ 2018 ఆగస్టులోనే బీమా కంపెనీలకు ఆ మేరకు ఆదేశాలు ఇచ్చింది. మంచిదే, కానీ ఈ సమానత్వం పెద్దవారికి అక్కరకు రావడం లేదు. గుండె రోగికి కూడా ఓపీ మందులు ఇవ్వడం లేదు కాబట్టి నీకూ ఇవ్వం అని బీమా కంపెనీ అంటే చట్టం తప్పినట్టు కాదు. అసలు బలం 18వ సెక్షన్‌లో ఉంది. ప్రభుత్వం అత్యావశ్యక మందుల జాబితా ప్రకటించాలి, ఆ జాబితాలోని మందులన్నీ సామాజిక ఆరోగ్య కేంద్రం నుంచి పైన ఉన్న ప్రతి ప్రభుత్వ ఆసుపత్రిలో మానసిక రోగులకు ఎల్లవేళలా ఉచితంగా దొరకాలి అని అందులో రాశారు. జిల్లాలో కనీస మానసిక వైద్య సేవలు లేకపోతే రోగి అదే జిల్లాలో మరోచోట చూపించుకోవచ్చని, ఆ ఖర్చు ప్రభుత్వమే భరించాలని కూడా రాశారు. ఇంత స్పష్టంగా హక్కు రాసిచ్చిన జబ్బులు మన చట్టాల్లో ఎన్నో లేవు. అవనిగడ్డ, కైకలూరు, పామర్రు ప్రాంతాల పెద్దలకు ఆ హక్కు సంగతి చెప్పినవారు ఎవరు?

ఓపీ మందులకు డబ్బిస్తే దొంగ బిల్లులు పెరుగుతాయని, నిద్రమాత్రలు దారితప్పుతాయని అధికారులు భయపడతారు. ఆ భయం కొట్టిపారేయదగ్గది కాదు. క్లోనాజిపామ్ లాంటివి ఏళ్ల తరబడి అలవాటుగా మింగుతున్న పెద్దలు ఇప్పటికే చాలామంది ఉన్నారు. డాక్టరు చూపు లేకుండా సొంత డబ్బుతో కొనుక్కుంటున్నందువల్లే అలా జరుగుతోందని నా అభిప్రాయం. పథకం కిందికి వస్తే చీటీ రికార్డు అవుతుంది, మూడు నెలలకోసారి డాక్టరు చూడాలన్న నిబంధన పెట్టవచ్చు. రాష్ట్రానికి మందులు టోకున కొనే ఏపీఎంఎస్ఐడీసీ ఉంది. తమిళనాడు ఇలాంటి కార్పొరేషన్‌తోనే మూడు దశాబ్దాలుగా ధరలు దించి చూపించింది. జెనరిక్ మందులు లక్షల్లో కొంటే సూర్యారావుపేటలో చెప్పిన పదిహేనొందలు అందులో చిన్న భాగానికి దిగుతుంది. ప్రతి నెలా ఒకటో తారీఖున ఇంటి గడపకు వచ్చి పింఛను ఇచ్చి వేలిముద్ర తీసుకునే ఏర్పాటు మనకు ఉంది. అదే చేత్తో మందుల కవరు ఇవ్వడానికి కొత్త యంత్రాంగం అక్కర్లేదు.

కృష్ణా డెల్టాలో పిల్లలు అమెరికాలో ఉన్న ఇళ్లు తక్కువేమీ లేవు. గ్రీన్ కార్డు మీద ఐదేళ్లు అక్కడ ఉన్న తల్లిదండ్రులు 65 దాటాక అక్కడి ప్రభుత్వ బీమా మెడికేర్ కొనుక్కోవచ్చు. అందులో 2006 నుంచి మందులకు విడిగా పార్ట్ డి ఉంది. దాని నిబంధనల్లో కుంగుబాటు మందులు, సైకోసిస్ మందులు రక్షిత తరగతుల కిందికి వస్తాయి, దాదాపు అన్నిటినీ బీమా ప్లాను భరించాల్సిందే. 2025 నుంచి మందుల మీద రోగి ఏటా పెట్టే చేతి ఖర్చుకు కట్టడి పెట్టారు, ఆ ఏడాది అది 2,000 డాలర్లు. అమెరికా వైద్యాన్ని మెచ్చుకోవడానికి నాకు కారణాలు పెద్దగా లేవు. కానీ ఈ రెండు నియమాలు మనం తెచ్చుకోదగ్గవే.

ఇప్పుడే ఈ సంగతి ఎందుకంటే, 2025 సెప్టెంబరులో రాష్ట్ర మంత్రివర్గం కొత్త ఆరోగ్య విధానానికి ఆమోదం తెలిపింది. దాని ప్రకారం రెండున్నర లక్షల దాకా ఖర్చును బీమా కంపెనీలు, ఆపైన 25 లక్షల దాకా ఎన్టీఆర్ వైద్య సేవ ట్రస్టు భరిస్తాయి. కంపెనీలు చేతికొచ్చిన ఒప్పందంలో ఏది రాసి ఉంటే దానికే కడతాయి, రాయనిదానికి కట్టవు. అరవై దాటిన మానసిక రోగుల ఓపీ మందులు, వాటికి కావలసిన రక్తపరీక్షలు, పెద్దల ఒంటికి సరిపోయే మందుల జాబితా ఈ మూడూ ఆ ఒప్పందంలోకో ట్రస్టు భాగంలోకో ఇప్పుడే ఎక్కాలి. జిల్లా మానసిక ఆరోగ్య కార్యక్రమం కింద మండలాలకు వెళ్లే డాక్టరు రాసిన చీటీ కూడా చెల్లాలి.

అంతవరకు చేతిలో ఉన్నవి వాడుకోవాలి. విజయవాడ ప్రభుత్వ సర్వజన ఆసుపత్రిలో, మంగళగిరి ఎయిమ్స్‌లో మానసిక వైద్య విభాగాలు ఉన్నాయి. కుంగుబాటు, సైకోసిస్ మందుల్లో పలు రకాలు జన ఔషధి కేంద్రాల్లో బ్రాండు ధరలో కొంతకే వస్తాయి. డాక్టరును చీటీ మీద మందు అసలు పేరు రాయమని అడగండి. 14416కి ఫోన్ చేస్తే ప్రభుత్వ మానసిక ఆరోగ్య హెల్ప్‌లైన్ టెలీమానస్‌లో తెలుగులో మాట్లాడతారు, డబ్బు కట్టక్కర్లేదు. డబ్బుల్లేక ఏ నెలైనా మందు కొనలేకపోతే ఒక్కసారిగా ఆపేయకండి. లిథియం ఆపితే పాత జబ్బు తిరగబెడుతుంది, ఏళ్ల తరబడి వేసుకున్న క్లోనాజిపామ్ ఆపితే మూర్ఛ రావచ్చు. కొనలేకపోతున్నానన్న మాట ముందు డాక్టరుకు చెప్పండి. చాలాసార్లు దానికి బదులు సరిపడే చవక మందు ఉంటుంది.