ఆకు తిప్పి చూశాకే మందు షాపుకు



తిరుమలగిరి హాస్టల్లో మనం ఎన్ని గిన్నెల టమాట చారు తాగామో లెక్కలేదు. మనలో చాలామందిమి ఆ టమాట పండించే ఇళ్ల నుంచి వచ్చినవాళ్లమే. అయినా సెలవులకు ఇంటికి పోతే, తోటలో పడిన పురుగు పేరు చెప్పలేకపోతున్నాం.

మా ఇంట్లో డిగ్రీ గడప తొక్కింది మేమే మొదలు. ఒక యాసంగిలో మా తోటలో ఆకుముడత వచ్చింది. నాయిన షాపుకు పోయి అడిగితే మూడు డబ్బాలు కలిపి కొట్టమన్నారు, ఉద్దెర రాసుకున్నారు. అందులో ఒకటి కూరగాయల మీద నిషేధించిన మోనోక్రోటోఫాస్. ముడత తగ్గలేదు. తగ్గదు కూడా. అది వైరస్ తెగులు, తెల్లదోమ మోసుకొస్తుంది. ముడత పడిన మొక్కను పీకి పారేయాల్సిందే. నారుమడికి సన్నని నైలాన్ వల, చేనులో జిగురు పూసిన పసుపు అట్టలు పెట్టి దోమను ముందే ఆపాలి. నాయినకు ఇది తెలియకపోవడం తప్పు కాదు. పరీక్షలో వైరస్ గురించి పేజీలు నింపిన మాకు తట్టకపోవడమే తప్పు. ఆ కాయలు ఏ హాస్టల్ వంటగదికి చేరాయో!

కాయకు గుండ్రటి బొక్క పడి, పురుగు తల లోపల, ఒళ్లు బయట ఉంటే శనగపచ్చ పురుగు. పత్తినీ కందినీ తినేది కూడా అదే. ఆకు మీద తెల్లటి వంకర గీతలుంటే పాముపొడ పురుగు. బొబ్బల్లాంటి మచ్చలతో పాటు కాయకు సూది బెజ్జాలుంటే 2014లో మన దేశంలో బయటపడిన దక్షిణ అమెరికా పురుగు టూటా. ఒక్కోదానికి ఒక్కో ఉపాయం. శనగపచ్చ పురుగుకైతే 16 సాళ్ల టమాటకు ఒక సాలు బంతి చాలు. 40 రోజుల బంతినారు, 25 రోజుల టమాట నారు ఒకేసారి నాటితే రెండూ కలిసి పూస్తాయి, తల్లిపురుగు బంతి మీద గుడ్లు పెడుతుంది. వానాకాలం పంటైతే బతుకమ్మకు పూలు కూడా కొననక్కర్లేదు.

మందే వద్దని మేము అనడం లేదు. జనగామ దిక్కు ఏనబావి ఊరు 2006 నుంచి రసాయనాలు లేకుండానే సాగు చేస్తోంది, కానీ ఊరంతా ఒక్కమాట మీద నిలబడితేనే అది సాధ్యమైంది. మనం కనీసం డబ్బా మీది త్రికోణం రంగు, మందు కొట్టాక ఎన్ని రోజులకు కాయ తెంపాలో చదివి ఇంట్లో చెప్పవచ్చు కదా! ఎరుపు త్రికోణమంటే అన్నిటికంటే విషం.

ఈ దసరా సెలవుల్లో నాయిన షాపుకు బయలుదేరేముందు ఆకు తిప్పి చూడండి. తెలియకపోతే ఆకునూ కాయనూ కవర్లో వేసి వ్యవసాయ విస్తరణాధికారికో, గడ్డిపల్లి కృషి విజ్ఞాన కేంద్రానికో చూపించండి. షాపుకు ఆ తర్వాతే పోవచ్చు.