ఊరికే వచ్చే బొమ్మ

ఏటా ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 దాకా 61 రోజులు వేట నిషేధం. బోట్లు ఒడ్డెక్కాక ఆంధ్రప్రదేశ్ తీరంలోని మైపాడు, తూపిలిపాళెం కుర్రకారుకు కాలక్షేపం సెల్‌ఫోనే. రొయ్యల గుంటల దగ్గర రాత్రి కాపలా కాసేవారికీ అంతే. కొత్త సినిమా పైరసీ సైట్లో ఊరికే దొరుకుతుంది. ప్రభుత్వమిచ్చే రూ.20 వేల నిషేధ భృతి జమయ్యే ఖాతా కూడా ఆ ఫోన్‌తోనే ముడిపడి ఉంటుంది. దొంగల కన్ను ఆ ఖాతా మీదే.

2025 నవంబరులో పైరసీ సైటు ఐబొమ్మ నిర్వాహకుణ్ణి హైదరాబాద్ సైబర్ క్రైం పోలీసులు కూకట్‌పల్లిలో అరెస్టు చేశారు. అతని దగ్గర వేల సినిమాలే కాదు, 50 లక్షల మంది వినియోగదారుల సమాచారమూ ఉందని, ప్రేక్షకులను బెట్టింగ్ యాప్‌ల వైపు మళ్లించాడని ప్రకటించారు. నేరం కోర్టులో తేలాలి. కానీ టికెట్ లేని ఈ ఆటకు డబ్బు ఎక్కణ్నుంచి వస్తుందో మాత్రం బయటపడింది.

ఇలాంటి సైట్లలో ప్లే నొక్కగానే సినిమా రాదు, బెట్టింగ్ ప్రకటన వస్తుంది. లేదంటే ‘ప్లేయర్ అప్‌డేట్’ పేరుతో ఏపీకే ఫైలు దిగుతుంది. అది అడిగినదానికల్లా ‘అలౌ’ కొడితే మన మెసేజ్‌లు అవతలివాడు చదువుతాడు, ఓటీపీ వాడికీ చేరుతుంది. దొంగ సినిమా చూస్తూ మోసపోయానని స్టేషన్ మెట్లెక్కి చెప్పడానికి ఎవరికైనా మొహమాటమే. ఆ మొహమాటమే మోసగాళ్లకు శ్రీరామరక్ష.

పైరసీకి మూడేళ్ల దాకా జైలు, నిర్మాణ వ్యయంలో 5 శాతం దాకా జరిమానా అంటూ 2023లో సినిమాటోగ్రఫీ చట్టాన్ని సవరించారు. నిర్మాతల నష్టాన్ని కోట్లలో లెక్కగడతారు. చూసేవాడి నష్టం ఎవరికీ పట్టదు. ఆన్‌లైన్ బెట్టింగ్‌ను రాష్ట్రం 2020లో, కేంద్రం 2025లో నిషేధించాయి. అయినా ఆ ప్రకటనలు ఫోన్లలో ఆగలేదు. ఒక సైటు మూస్తే మరో పేరుతో ఇంకొకటి తెరుస్తారు.

సినీ పరిశ్రమ మాత్రం తక్కువ తిందా? పెద్ద సినిమా వచ్చినప్పుడల్లా టికెట్ పెంచే జీవోల కోసం సచివాలయానికి పరుగెడుతుంది. సూళ్లూరుపేటలో 106 అడుగుల వెడల్పు తెరతో 2019లోనే థియేటర్ వచ్చింది. అదే తీరంలో జనం అరచేతిలో దొంగ ప్రింటు చూస్తున్నారంటే ధరకు, దూరానికి అందులో వాటా లేదనలేం.

వేట నిషేధం మొదలయ్యే ముందే గ్రామ సచివాలయాలు, మత్స్యకార సంఘాలు ఊరూరా ఈ మోసాన్ని ఫోన్ చేత పట్టుకుని చూపించాలి. పోలీసులు బాధితుణ్ణి దొంగలా చూడటం మానాలి. ఖాతాలో డబ్బు పోయిందా, ఆ క్షణమే 1930కి ఫోన్ చేయండి. ఏం చూస్తూ మోసపోయారన్నది తర్వాతి మాట.