మేయరు లేని ఊరు

అమెరికా సంయుక్త రాష్ట్రములలో వర్జీనియా యను రాష్ట్రమందు ఆష్‌బర్న్ అను ఊరు కలదు. అది రాజధానియగు వాషింగ్టను నగరమునకు పడమటగా రమారమి ముప్పది మైళ్ల దూరమున నున్నది. 2020వ సంవత్సరపు జనాభా లెక్కలలో ఆ యూర 46,349 మంది యున్నట్లు తేలెను. అచ్చటను దాని చుట్టుపట్లను తెలుగువారు వేలకొలదిగా కాపురములు చేయుచున్నారు. వారిలో ననేకులు కంప్యూటరు పనులు చేయువారు. మనుమలను సాకుటకై వారి తలిదండ్రులు స్వదేశమునుండి వచ్చి కొన్ని నెలలుండి పోవుటయు కద్దు. తోటబస్తీలలో పుట్టి చదువుకొన్న పిల్లలును నేడు దూరదేశములకు పోవుచున్నారు గనుక అచ్చటి పరిపాలన యెట్లు నడచునో కూలికుటుంబములవారు తెలిసికొనుట మేలు.

ఇంత పెద్ద ఊరికి మేయరు లేడు. మునిసిపాలిటీ లేదు. నగరసభ కూడు మేడ లేదు. క్రొత్తగా వచ్చినవాడు మునిసిపలు ఆఫీసు ఎక్కడనని వీధివీధి తిరిగినను ఎవరును చూపజాలరు, ఏలయనగా లేనిదానిని చూపుట యెవరి తరము?

కారణ మేమనగా, వర్జీనియాలో ఒక ఊరు పట్టణమనిపించుకొనుటకు రాష్ట్రశాసనసభవారు దానికి ప్రత్యేకముగా అధికారపత్రము ఇచ్చియుండవలెను. ఆష్‌బర్న్ ఉన్న లౌడన్ కౌంటీ 1757వ సంవత్సరమున ఏర్పడెను. కౌంటీ యనగా మన జిల్లావంటిది. ఆ కౌంటీలో అట్టి అధికారపత్రము గల పట్టణములు ఏడు మాత్రమే. కౌంటీకి ముఖ్యపట్టణమైన లీస్‌బర్గ్ వానిలో నొకటి. రౌండ్ హిల్ అను మిక్కిలి చిన్న ఊరును పట్టణమే, దానికి మేయరు కలడు. రౌండ్ హిల్ కంటె ఎన్నోరెట్లు పెద్దదైన ఆష్‌బర్న్ మాత్రము పట్టణము కాదు. అది తపాలావారికొక పేరు, జనాభా లెక్కలవారికొక పేరు. ఉత్తరముమీద వ్రాయు పేరు వేరు, ఏలుబడి చేయు పేరు వేరు. ఈ భేదము తెలియకనే పెక్కుమంది చెప్పులరుగునట్లు తిరుగుదురు.

ఇంకొక చిక్కు కలదు. అమెరికాలో ఆష్‌బర్న్‌లు అనేకములు. జార్జియా రాష్ట్రమందలి ఆష్‌బర్న్ టర్నర్ కౌంటీకి ముఖ్యపట్టణము. దానికి మేయరును నగరసభయు కలవు. చికాగో నగరపు నైరుతిభాగమున ఆష్‌బర్న్ అను పేట కలదు. అచ్చటివారికి చికాగో నగరమువారే ప్రభుత్వము. వారు 311 అను అంకెకు టెలిఫోను చేసినచో వీధిలాంతరు మొదలు చెత్తబండివరకు సమస్తమైన ఫిర్యాదులను ఆ నగరపు గుమాస్తాలే విని తగిన శాఖకు పంపుదురు. చికాగోలో ఆ యేర్పాటు 1999వ సంవత్సరమునుండి జరుగుచున్నది. కాబట్టి వర్జీనియాలో నున్నవాడు ఫోనులో ఆష్‌బర్న్ నగరపు ఆఫీసని వెదకి, మొదట కనబడిన అంకెకు మాటలాడినచో, అయిదారువందల మైళ్ల అవతలి గుమాస్తాకు తన గుంత సంగతి చెప్పుకొనుట సంభవించును. రాష్ట్రము పేరును కౌంటీ పేరును చేర్చి వెదకుట మొదటి జాగ్రత్త.

ఇక ఒక గృహమున జరుగగల సంగతి. కొడుకును కోడలును పనికి పోయిరి. ఇంట పసిబిడ్డతో నాయనమ్మ యున్నది. ముంగిట నేలలోనుండి నీళ్లు ఉబికి వీధిలోనికి పారుచున్నవి. ఆమె ఎవరిని పిలువవలెను? ఆష్‌బర్న్‌లో పైపునీళ్లు ఇచ్చువారు కౌంటీ ఆఫీసువారు కారు. లౌడన్ వాటర్ అను వేరొక సంస్థ కలదు. అది 1959లో ప్రజోపయోగార్థమై స్థాపింపబడినది. మురుగునీటి పనియు దానిదే. వీధిలోని పెద్దగొట్టము పగిలినచో వారే వచ్చి బాగుచేయుదురు. అయితే మీటరునుండి ఇంటిలోనికి వచ్చు గొట్టము ఇంటివానిది; అది పగిలినచో తన ఖర్చుతో పనివానిని పిలిపించుకొనవలెను. నీళ్లు మీటరుకు అవతల పారుచున్నవా, ఇవతల పారుచున్నవా యన్నదే ప్రశ్న. ఆ నాయనమ్మకు ఇంగ్లీషు రాకపోయినను, మీటరు మూత ఎక్కడ నున్నదో కొడుకు ముందుగా చూపియున్నచో, వానికి ఫోనులో ఈ యొక్క మాట చెప్పగలదు. లౌడన్ వాటర్‌వారి అంకెను వంటింటి గోడమీద పెద్ద అక్షరములతో వ్రాసియుంచిన కుటుంబము తెలివిగలది.

రోడ్ల సంగతి మరింత విచిత్రము. ఇంటిముందరి వీధిలో గుంత పడినను, మంచు పేరుకొన్నను, కౌంటీవారు ఆ పని చేయరు. 1932వ సంవత్సరమున, ఆర్థికమాంద్యపు దినములలో, కౌంటీలు తమ రోడ్ల భారము మోయలేకపోయినందున వర్జీనియా రాష్ట్రప్రభుత్వము ఒక చట్టము చేసి ఆ రోడ్లను తన వశము చేసికొనెను. మాజీ గవర్నరైన హ్యారీ బర్డ్ పేరిట ఆ చట్టమును పిలుచుచున్నారు. ఆర్లింగ్టను, హెన్రికో అను రెండు కౌంటీలు మాత్రము నేటికిని తమ రోడ్లను తామే చూచుకొనుచున్నవి. లౌడన్‌లో నైతే సామాన్యముగా వీధి రాష్ట్రపు రవాణాశాఖవారిది. వారికి 1-800-367-7623 అను అంకెకు తెలియజేయవలెను. తొంబదియేండ్లకు పూర్వము చేయబడిన చట్టము నేడు ఒక తెలుగు గృహస్థుని గుమ్మమునెదుట మంచు నెవరు తీయవలెనో నిర్ణయించుచున్నది!

అయినను ప్రతి వీధియు రాష్ట్రపుది కాదు. వరుస ఇండ్లమధ్యనుండు సందులనేకములు ఇండ్ల యజమానుల సంఘమువారివి. ఈ సంఘమనునది చాలమంది తెలుగువారు తక్కువగా నెంచు వస్తువు. ఇల్లు కొనినవాడు కోరినను కోరకున్నను అందులో సభ్యుడగును, నెలనెల చందా కట్టును. ఆష్‌బర్న్‌లో కౌంటీ చెత్తబండి రాదు. ఈ సంఘమే ఒక కంపెనీతో ఒడంబడిక చేసికొని చెత్త తీయించును. సంఘము లేనిచోట ఇంటివాడే ఒక కంపెనీని కుదుర్చుకొనవలెను. కౌంటీవారు లీస్‌బర్గ్‌కు సమీపమున చెత్త పూడ్చుస్థలమును, అక్కడక్కడ కాగితములు సీసాలు వేయు కేంద్రములను మాత్రము నడుపుచున్నారు. కాబట్టి చెత్త తీయలేదని కౌంటీకి ఉత్తరము వ్రాయుట వ్యర్థము. సంఘమువారే అన్యాయము చేసిరని తోచినచో మొదట ఆ సంఘమునకే వ్రాతమూలముగా ఫిర్యాదు చేయవలెను. వారి తుది జవాబు ప్రతికూలముగా వచ్చినచో, ముప్పది దినములలోగా రాష్ట్రమున అందుకై నియమింపబడిన విచారణాధికారికి నివేదించుకొనవచ్చును. వ్రాయక నోటిమాటగా జగడమాడినవానికి ఈ రెండవ మెట్టు దొరకదు.

ఒక్క ఊరికి ఇందరు అధికారులేల యని విసుగుకొనువారు కలరు. మోషే ప్రాతఃకాలమునుండి సాయంకాలమువరకు ఒక్కడే కూర్చుండి ప్రజల వ్యాజ్యెములు తీర్చుచుండగా మామయగు యిత్రో చూచి, అది మంచిపని కాదని చెప్పి, వేయిమందికొకనిని, నూరుమందికొకనిని, పదిమందికొకనిని నియమింపజేసిన సంగతి బస్తీపిల్లలందరును ఎరుగుదురు. పని పంచబడుట మేలే. అయితే ఇశ్రాయేలీయులలో ప్రతివాడును తన పదిమందికి పెద్ద ఎవరో ఎరిగియుండెను. ఆష్‌బర్న్‌లో కాపురమున్న చాలమందికి అది తెలియదు. లోపము అచ్చట నున్నది.

ప్రాణాపాయము, అగ్ని, దొంగతనము జరుగుచున్న వేళ 911 అను అంకె యొక్కటే, దానికి ఆలోచింపనక్కరలేదు. అచ్చట పోలీసుపని చేయువాడు కౌంటీ షెరీఫు, ఆయన ప్రజలచే ఎన్నుకొనబడినవాడు. పెరటిలో చెట్టు నాటుటకు లోతుగా త్రవ్వవలసినచో కొన్ని దినములు ముందుగా 811కు చెప్పవలెను. నేలలోని తీగెలను గొట్టములను ఉచితముగా గుర్తుపెట్టి పోవుదురు. ఇంటికిని మోటారుబండికిని పన్ను నిర్ణయించు అధికారి యొకరు, వసూలుచేయు ఖజానాధికారి వేరొకరు. లెక్క తప్పని తోచినప్పుడు పైకము పుచ్చుకొనువానితో వాదించి ఫలములేదు. పాఠశాలల సంగతికి తొమ్మిదిమంది సభ్యులుగల పాఠశాలాసభ ప్రత్యేకముగా ఎన్నుకొనబడుచున్నది. 2022 నవంబరులో ఆష్‌బర్న్‌వరకు వచ్చిన మెట్రోరైలు వాషింగ్టను ప్రాంతపు రవాణా సంస్థవారిది. 1995లో తెరవబడిన గ్రీన్‌వే యను సుంకపు రోడ్డు ప్రైవేటు కంపెనీది. దానిపై సుంకము పెంచవలెనన్నను రాష్ట్రపు కార్పొరేషన్ కమిషను వారి అనుమతి కావలెను.

ఏ గడప త్రొక్కవలెనో ఎరుగుట తోటకూలీలకు క్రొత్త పాఠము కాదు. మలయాలోను సింహళములోను పనిచేసిన పూర్వికులకు కంగాణియే సర్వాధికారిగా కనబడినప్పుడు, 1922వ సంవత్సరపు వలసచట్టము ననుసరించి ఆ దేశములలో హిందూదేశ ప్రభుత్వపు ఏజెంటులు నియమింపబడిరి. తమ కష్టములను కంగాణికిగాక ఆ ఏజెంటునకు చెప్పుకొనవచ్చునని తెలిసిన కూలివానికి ఒక దారి యుండెను, తెలియనివానికి లేకపోయెను. నేటికిని తేయాకు తోటలలో ఇట్లే జరుగుచున్నది. కూలిలైనులలో ఇల్లు, త్రాగునీరు, పాయిఖానా, పసిపిల్లల కొట్టము, వైద్యము, ఇవి తోట యజమానుని బాధ్యతలు. 1951వ సంవత్సరపు తోటకూలీల చట్టము వానిని అతనిపై మోపెను. 2025 నవంబరు 21న దానికి బదులుగా అమలులోనికి వచ్చిన 2020 నాటి సంహితయందును అవి అతనిమీదనే యున్నవి. రేషను కార్డును, వోటర్ల పట్టికలో పేరును మేనేజరు ఇయ్యలేడు. అవి సర్కారు ఆఫీసులలో అడుగవలసినవి. పైకప్పు కారుచున్నదని సర్కారు ఆఫీసుకు పోయినవాడును, కార్డు కొరకు మేనేజరు బంగళాముందు నిలిచినవాడును ఒక దినపు కూలి పోగొట్టుకొని వట్టిచేతులతో తిరిగివచ్చుచున్నారు.

ఆష్‌బర్న్‌లో పోవునది దినకూలి మాత్రమే కాదు. ప్రపంచమందలి కంప్యూటరు సమాచారమును నిలువచేయు డేటా సెంటర్లనబడు గొప్ప కొట్టములు మరే చోటను లేనన్ని ఆ ప్రాంతమున లేచినవి. వానివలన కౌంటీకి పన్ను విశేషముగా వచ్చుచున్నది. ఇండ్లసమీపమున వాని చప్పుడును, వానికై వేయు పెద్ద విద్యుత్తు తీగెలును బాధగా నున్నవని మొరపెట్టువారును కలరు. ఒకప్పుడు కొన్ని ప్రదేశములలో బహిరంగ విచారణ లేకయే అట్టి కొట్టమును కట్టవచ్చును. 2025 మార్చినెలలో కౌంటీ సూపర్వైజర్ల సభవారు ఆ హక్కును తీసివేసి, క్రొత్తగా కోరువారు విచారణకు రావలెనని తీర్మానించిరి. మేయరును వెదకుచు కూర్చున్నవాడు ఆ విచారణ జరుగు దినమును ఎరుగడు.

ఆ సభలో తొమ్మిదిమంది యుందురు. అధ్యక్షుని కౌంటీ వారందరును, తక్కిన యెనమండుగురిని ఒక్కొక్క నియోజకవర్గమువారును నాలుగేండ్ల కొకసారి ఎన్నుకొందురు. కడపట ఎన్నిక జరిగినది 2023లో. తెలుగువారిలో అనేకులకు పౌరసత్వము లేదు గనుక వోటు లేదు. అయినను పన్ను కట్టుచున్నారు, విచారణలో నిలిచి మాటలాడుటకు పౌరసత్వము అడుగబడదు. సభవారు లీస్‌బర్గ్‌లో కూడుదురు. కార్యక్రమపు పట్టిక ముందుగానే ప్రకటింపబడును. మాటలాడువానికి దొరకు కాలము కొన్ని నిమిషములే గనుక చెప్పదలచినది కాగితముమీద వ్రాసికొని పోవుట మంచిది. పోలేనివాడు తన సూపర్వైజరునకు ఉత్తరము వ్రాయవచ్చును. అయితే వ్రాయుటకు ముందు తన ఇల్లు ఏ నియోజకవర్గములో నున్నదో చూచుకొనవలెను. అచ్చట ఆష్‌బర్న్ అను పేరుగల నియోజకవర్గ మొకటి కలదు గాని, తపాలా విలాసమున ఆష్‌బర్న్ అని వ్రాసికొనువారందరును అందులో నుండరు. కొందరు బ్రాడ్ రన్ అను దానిలోను, కొందరు మరియొక దానిలోను ఉన్నారు.